కారాగారమున కుంచె: బస్తరు సీమకు తగిన కళాచికిత్స

గీదము బస్తరు సీమలో నాలుగు త్రోవలు కలిసికొను చిన్న పట్టణము. తూర్పున జగదల్పూరు, దక్షిణమున దంతెవాడ, పడమట బీజాపూరు, ఉత్తరమున బారసూరు కలవు. బీజాపూరు త్రోవనే ముందునకు సాగినచో భూపాలపట్నము మీదుగా తెలంగాణము చేరవచ్చును. కాకతీయ ప్రతాపరుద్రుని సోదరుడు అన్నమదేవుడు ఓరుగల్లు నుండి వచ్చి ఈ సీమలో రాజ్యము స్థాపించెననియు, దంతేశ్వరీ దేవిని కొలిచెననియు ఇచ్చటివారు చెప్పుకొందురు. కావున తెలుగువారికి ఇది పరాయి నేల కాదు. అయినను గడచిన రెండు దశాబ్దములలో ఈ ప్రాంతపు పేరు మన పత్రికలలో కనబడినప్పుడెల్ల దాని వెంట తుపాకి ప్రస్తావన తప్పలేదు. 2003లో గీదము పోలీసు ఠాణాపై మావోయిస్టుల దాడి జరిగినది. 2005లో సల్వాజుడుం మొదలైన పిమ్మట పల్లెలకు పల్లెలే చెదరిపోయినవి. 2007 డిసెంబరు 16వ తేదీన దంతెవాడ కారాగారము నుండి 299 మంది ఖైదీలు ఒక్కమారుగా తప్పించుకొని పోయిరి. తుపాకి పట్టినవారు, తుపాకికి వెరచి పారిపోయినవారు, దాని వలన తలిదండ్రులను కోల్పోయినవారు, దానిని పట్టెనను అనుమానముతో చెరసాలలో సంవత్సరములు గడపినవారు, అందరును ఈ కూడలి చుట్టుననే కలరు.

అట్టి చోట కుంచెను, రంగులను, మట్టిని, మైనమును వైద్యసాధనములుగా వాడవచ్చునని చెప్పినచో కొందరికి నవ్వు రావచ్చును. జ్వరమునకు మందు దొరకుటయే కష్టమైన అడవిపల్లెలు ఉండగా బొమ్మల ముచ్చట యేల యని అడుగువారును కలరు. ఆ ప్రశ్న న్యాయమైనదే. దానికి సమాధానము చెప్పుకొనుటకు ముందు కళాచికిత్స యనగా నేమో, అది ఎచ్చట పుట్టినదో పాఠకులు కొంచెము తెలిసికొనవలెను.

ఈ చికిత్స మొదట పుట్టినది పిచ్చాసుపత్రిలో కాదు, క్షయరోగుల శానిటోరియములో. ఏడ్రియన్ హిల్ అను ఆంగ్ల చిత్రకారుడు 1938లో క్షయవ్యాధికి గురియై మంచము పట్టెను. ఆనాడు ఆ రోగమునకు సరియైన మందు లేదు. నెలల తరబడి పడుకొనియుండుటయే చికిత్స. పడుకొన్న చోటనే అతడు కంటికి కనబడిన వస్తువులను గీయుచు, ఆ పని తన మనస్సునకు చేసిన మేలును గమనించెను. పిదప తోడి రోగులకును నేర్పెను. వారిలో యుద్ధము నుండి తిరిగివచ్చిన సైనికులును ఉండిరి. చూచిన ఘోరములను నోటితో చెప్పలేనివారు కాగితముపై పెట్టగలిగిరి. 1942లో ఈ పద్ధతికి కళాచికిత్స యను పేరు పెట్టినది అతడే. 1946లో ఎడ్వర్డ్ ఏడమ్‌సన్ అను మరియొక చిత్రకారుడు నెథర్న్ మానసిక వైద్యశాలలో రోగుల కొరకు చిత్రశాల నడప నారంభించెను. అతడు రోగి గీసిన బొమ్మకు అర్థము చెప్పుటకు పూనుకొనలేదు. రంగులు ఇచ్చి, చోటు ఇచ్చి, ప్రక్కన ఓపికగా కూర్చుండెను. ఏడమ్‌సన్ పాటించిన ఈ నిగ్రహమును గూర్చి ముందు మరల చెప్పవలసియున్నది.

మనస్సునకు తగిలిన గాయము మాటలకు సులభముగా లొంగదు. భయంకరమైన సంఘటనను చూచినవానికి అది కథవలె వరుసగా జ్ఞాపకము ఉండదు. ఒక వాసనగా, ఒక మంటగా, ఒక కేకగా ముక్కలు ముక్కలుగా మనస్సులో నిలిచియుండును. రాత్రులయందు ఆ ముక్కలే పైకి తేలును. దానిని చెప్పుమని గద్దించినచో గొంతు పెగలదు. చేతికి మట్టిముద్ద ఇచ్చినచో చేయి కదలును. చేయి కదలుచుండగా ఊపిరి నిలకడ పొందును; చేసిన వస్తువు ఎదుట నిలిచి, లోపలనున్న దానిని కొంత దూరము నుండి చూచుటకు వీలు కల్పించును. నచ్చనిచో చెరిపి మరల చేయవచ్చును. దినమంతయు ఒకరి ఆజ్ఞపై లేచి, ఒకరి ఆజ్ఞపై తిని, ఒకరి ఆజ్ఞపై పడుకొను ఖైదీకి, ఏ రంగు వేయవలెనో తానే నిర్ణయించుకొనుట చిన్న విషయము కాదు.

ఈ కారణము చేతనే పలుదేశములలో కారాగారములు కళను లోనికి రానిచ్చినవి. ఇంగ్లండులో 1962లో తెరచిన గ్రెండన్ కారాగారము చికిత్సను ప్రధానముగా పెట్టుకొన్నది; అచ్చట కళాచికిత్సయు చోటు సంపాదించుకొన్నది. స్పెయిన్ దేశమున మరణశిక్ష పొంది 1937లో చెరలో గడపిన రచయిత ఆర్థర్ కోస్లర్, ఆ అనుభవమును మరువక, ఖైదీల కళకు బహుమతులను 1962లోనే నెలకొల్పెను. మన దేశమున కలకత్తాలోని ప్రెసిడెన్సీ కారాగారమున నర్తకి అలకానందా రాయ్ 2007లో ఖైదీలకు నృత్యము నేర్పనారంభించి, రవీంద్రుని ‘వాల్మీకి ప్రతిభ’ను వారిచేతనే ఆడించిరి. బోయవాడు కవియైన కథను చెరసాలవారు ఆడుట తగిన ఎంపికయే.

మనకు అన్నింటికంటె దగ్గరి ఉదాహరణము బస్తరు సీమకు ఉత్తరద్వారమైన కాంకేరులో కలదు. గోండు కుటుంబమున పుట్టిన అజయకుమార్ మండావి కొయ్యచెక్కడపు కళాకారుడు. కొయ్యను అక్షరములుగా మలచుట ఆయన ప్రత్యేకత. ఆయన కాంకేరు జిల్లా కారాగారమునకు పోయి, మావోయిస్టు కేసులలో చిక్కినవారితో సహా కొన్ని వందల మంది ఖైదీలకు ఆ విద్య నేర్పిరి. 2023లో భారత ప్రభుత్వము పద్మశ్రీ ఇచ్చి గౌరవించినది. ఖైదీ చేతికి ఉలియు రంపమును ఇచ్చుటకు ఒప్పుకొన్న కారాగారాధికారుల ధైర్యమును కూడ ఇచ్చట మెచ్చుకొనవలెను. అక్షరము రాని చేయి అక్షరమును చెక్కుట మరియొక విశేషము. చెక్కుచు చెక్కుచు దానిని చదువ నేర్చుట ఆ పనికి సహజమైన కొసరు.

అయినను ఒక భేదము చెప్పక తప్పదు. కాంకేరులో జరిగినది ముఖ్యముగా వృత్తివిద్య. చేతికి పని వచ్చును, విడుదలయైన పిమ్మట కూడు దొరకును, ఆత్మగౌరవము కలుగును. ఇవి ఆరోగ్యమునకు ఎంతయో మేలు చేయును. కాని వస్తువు అందముగా రావలెనను నియమము వృత్తివిద్యలో ఉండును. అంగడిలో అమ్ముడుపోవలెను గదా. కళాచికిత్సలో అందమునకు పట్టింపు లేదు. వంకరటింకర గీత గీసి, దానిపై నల్లరంగు పూసి, కాగితము చించివేసినను ఆ దినపు పని సఫలమైనదే కావచ్చును. మన అధికారులు ఈ రెంటిని ఒకటిగా భావించి, ప్రదర్శనశాలలో బొమ్మల సంఖ్యను చూచి చికిత్స జరిగినదని నివేదిక వ్రాయు ప్రమాదము కలదు. రెండును కావలెను, రెంటికి వేర్వేరు గంటలు, వేర్వేరు మనుష్యులు కావలెను.

వెరియర్ ఎల్విన్ 1943లో ప్రకటించిన గ్రంథమొకటి దంతెవాడ ప్రాంతపు మారియాలలో జరిగిన నూరు హత్యలను, ఏబది ఆత్మహత్యలను పరిశీలించినది. తాగిన మైకము, అనుమానము, చేతబడి భయము, ఒక్క క్షణపు కోపము, ఇట్టి కారణములే అందులో ఎక్కువగా కనబడును. నేరము చేసినవాడు పలుమారులు తానే పోయి ఒప్పుకొనెడివాడు. చెరలో మారియా మనిషి అనుభవించు దైన్యమును కూడ ఎల్విన్ విడిచిపెట్టలేదు. డోలు మ్రోగదు, నృత్యము లేదు, పండుగ తెలియదు, భాష తెలిసినవాడు ప్రక్కన ఉండడు. ఎనుబది సంవత్సరములు దాటినవి; ఆ చివరి మాట ఇప్పటికిని ఆలోచింపదగినదే. గోండీయో హల్బీయో మాత్రమే తెలిసిన మనిషికి హిందీలో ప్రశ్నలు వేయు వైద్యుడు ఎంత మంచివాడైనను సగము దూరముననే ఆగిపోవును. బొమ్మ ఆ దూరమును కొంత తగ్గించును.

బస్తరు ప్రజలకు కళ బయటి నుండి తెచ్చి ఇయ్యవలసిన వస్తువు కాదు. కొండగావు ప్రాంతపు ఘడ్వా పనివారి ఢోక్రా పనిని చూడుడు. మొదట మట్టితో లోపలి ఆకారము చేయుదురు. దానిపై తేనెమైనమును సన్నని తీగలుగా లాగి చుట్టుదురు. పైన మరల మట్టి పూయుదురు. కాల్చినప్పుడు మైనము కరిగిపోవును. అది విడిచిన ఖాళీలోనికి కరగిన లోహమును పోయుదురు. చల్లారిన పిదప పైమట్టిని పగులగొట్టి బొమ్మను వెలికి తీయుదురు. అచ్చు ఒక్కమారే పనికివచ్చును గనుక ఏ రెండు బొమ్మలును సరిగా ఒకటిగా ఉండవు. కరగిన లోహమును చెరసాలలో వాడుట కుదరదు. మైనపు తీగల పని మాత్రము ఎవరికిని ప్రమాదము లేనిది, ఎన్నిమారులైనను చెరిపి చేయదగినది, వణకు చేతులను నెమ్మదింపజేయునది. అట్లే చనిపోయినవారి కొరకు మారియాలు నిలుపు స్మారక స్తంభములు కలవు. దంతెవాడకు దాపున గామవాడలో వాటిని నేటికిని చూడవచ్చును. పోయినవారిని తలచుకొనుటకు రూపమును కల్పించుకొన్న జాతికి దుఃఖమును బొమ్మగా చేయుట మనము నేర్పవలసిన పని లేదు. ఆ పద్ధతిని గౌరవించి, దానికి చోటిచ్చిన చాలును. పట్టణము నుండి పోయిన శిక్షకులు గులాబీపూవును, కొండల నడుమ సూర్యుని, ఎఱ్ఱపెంకుల ఇంటిని నల్లబల్లపై గీసి నకలు చేయుమనుట ఈ సీమలో మరీ వెగటుగా ఉండును.

ఇచ్చటనే ఏడమ్‌సన్ నిగ్రహము జ్ఞప్తికి రావలెను. బొమ్మకు అర్థము చెప్పు ఉబలాటము చాల చెడ్డది. దంతెవాడ చెంత శంఖినీ డంకినీ నదులు కలియును. 1968లో బైలాడిలా కొండలపై ఇనుపగనుల త్రవ్వకము మొదలైన పిమ్మట ఆ ఇనుపరజను కొట్టుకొని వచ్చి శంఖిని నీరు ఎఱ్ఱబారినది. ఆ ఒడ్డున పెరిగిన బాలుడు నదిని ఎఱ్ఱగా గీసినచో, పుస్తకము చదివి వచ్చిన నిపుణుడు దానిని నెత్తురని వ్రాసికొని పోవును. బాలుడు గీసినది తాను చూచిన నీరు. కావున అడుగవలసిన ప్రశ్న, దీని కథ చెప్పెదవా యని మాత్రమే. చెప్పకున్నచో ఊరకుండవలెను.

అర్థము చెప్పుటలోని ప్రమాదము బాలుర యెడ కంటె విచారణఖైదీల యెడ చాల పెద్దది. 2022 చివర మన దేశపు కారాగారములలో 5,73,220 మంది ఉండగా వారిలో 4,34,302 మంది విచారణ ముగియనివారు. అనగా నలుగురిలో ముగ్గురిని ఇంకను న్యాయస్థానము దోషులని తేల్చలేదు. అట్టివాడు ఒక కాగితముపై అడవిని, తుపాకిని, పడియున్న మనిషిని గీసినాడనుకొనుడు. తాను చేసినదే గీసెనో, చూచినదే గీసెనో, కలలో వెంటాడునదే గీసెనో ఎవరు చెప్పగలరు? ఆ కాగితము దర్యాప్తు అధికారి చేతిలో పడినచో చికిత్స ఉచ్చుగా మారును. ఒక్కమారు అట్లు జరిగినదని తెలిసినచో ఆ కారాగారమున మరి ఎవ్వడును నిజమైన బొమ్మ గీయడు. అందరును పూలకుండలనే గీయుదురు. 2017 మానసిక ఆరోగ్య పరిరక్షణ చట్టము చికిత్సకు సంబంధించిన వివరములను గోప్యముగా ఉంచు హక్కును రోగికి ఇచ్చినది. బొమ్మయు ఆ వివరములలోనిదే యని కారాగారాధికారులు వ్రాతమూలముగా ఒప్పుకొనవలెను. అట్టి ఒప్పుదల లేని చోట ఈ పనిని ఆరంభింపకుండుటయే మేలని నా నిశ్చితాభిప్రాయము. ఇది కఠినముగా తోచవచ్చును. కాని వైద్యుడు రోగి నమ్మకమును అమ్ముకొన్న పిదప అతని చేతిలో మిగులునదేమి?

ఇదే చట్టము ప్రతి రాష్ట్రమునందు కనీసము ఒక కారాగారపు వైద్యవిభాగమున మానసిక ఆరోగ్యకేంద్రము ఉండవలెనని చెప్పుచున్నది. కళాచికిత్స అట్టి కేంద్రమునకు అనుబంధముగా నడచినచో మందును, మాటయును, బొమ్మయును ఒక్క చోట దొరకును. 2021లో వచ్చిన అనుబంధ ఆరోగ్య వృత్తుల జాతీయ సంఘపు చట్టము తన పట్టికలో కళాచికిత్సకులను కూడ పేర్కొన్నది. డ్రాయింగు మాస్టరు, చికిత్సకుడు ఒకరే కారని చట్టమునకు తెలిసినది. ఇక నియామకములు చేయువారికి తెలియవలెను.

ఈ చికిత్స సర్వరోగనివారిణి యని ఎవరైనను చెప్పినచో నమ్మవలదు. ఫ్లోరిడా కారాగారములలో డేవిడ్ గుసాక్ జరిపిన పరిశీలనలలో బొమ్మలు గీసిన ఖైదీలకు కుంగుబాటు తగ్గినది. తమ జీవితము తమ చేతిలో కొంతయైన ఉన్నదను భావము పెరిగినది. అయితే బ్రిటనులో స్కిజోఫ్రీనియా రోగులు 417 మందిపై జరిపి 2012లో ప్రకటించిన పెద్ద పరీక్షలో, మామూలు వైద్యమునకు తోడు బృంద కళాచికిత్స చేర్చినందువలన విశేషమైన లాభము కనబడలేదు. పిలిచినవారిలో చాలమంది తరగతులకు సరిగా రాలేదు కూడ. ఈ రెండు ఫలితములును మనకు పనికివచ్చునవే. తీవ్రమైన మానసిక రోగమునకు మందు మానిపించి రంగులు ఇచ్చుట అపరాధము. భయము, కుంగుబాటు, నిద్రలేమి, ఎవరితోను మాటలాడలేని మూగతనము, ఇవి ఉన్న చోట దీని ఉపయోగము ఎక్కువగా ఆశింపవచ్చును. నేరము మరల చేయకుండునట్లు ఇది ఒక్కటే మార్చునని నేను అనను. పని, ఇల్లు, పొరుగువారి క్షమ, ఇవి లేక బొమ్మ ఒంటరిగా ఏమి చేయగలదు?

నేరము చేసినవానికి రంగులేల, వానివలన అనాథలైన పిల్లలకు గదా ముందు ఇయ్యవలసినది యను ఆక్షేపణ ఒకటి కలదు. పిల్లలకు ముందు ఇయ్యవలెననుటలో నాకు భేదాభిప్రాయము లేదు. గీదము చెంతనే జావంగాలో విద్యానగరము నెలకొల్పబడినది. హింసలో తలిదండ్రులను కోల్పోయిన బాలల కొరకు ఆస్థా యను విద్యాలయమును, వికలాంగ బాలల కొరకు సక్షమ్ అను విద్యాలయమును అచ్చట ఏర్పడినవి. చూపు లేని బిడ్డకు మట్టియు, వినికిడి లేని బిడ్డకు రంగును ఎంత ఉపకరించునో వేరుగా చెప్పనక్కరలేదు. మొదటి బృందము ఆ బాలలతోనే మొదలుపెట్టవచ్చును. కాని అంతటితో ఆగిపోరాదు. 2020 జూనులో దంతెవాడలో లోన్ వర్రాటు, అనగా గోండీ భాషలో ఇంటికి మరలి రండు అను పిలుపు వెలువడినది. 2025 అక్టోబరు 17న జగదల్పూరులో 210 మంది మావోయిస్టులు ఒక్కదినముననే ఆయుధములు విడిచిరి. వీరిలో చిన్నతనముననే అడవికి పోయినవారు ఎందరో ఉందురు. వారు మరలి వచ్చునది తాము బాధపెట్టిన పల్లెకే, తమను బాధపెట్టినవారి పొరుగునకే. కుట్టుమిషనును, డ్రైవింగును నేర్పుట మంచిదే. రాత్రి నిద్రపట్టనివానికి ఆ విద్యలు చాలవు. వానికి నిద్ర పట్టుట వాని భార్యాబిడ్డలకును, ఊరివారికిని క్షేమము. క్యాంపులలో సంవత్సరముల తరబడి కాపలాకాయు సిపాయికిని ఈ మాటయే వర్తించును, అతనిని గూర్చి ఎవరును ఎక్కువగా తలపరు గాని.

తెలుగునాటి ఆరోగ్యకార్యకర్తలకును ఇందులో పని కలదు. 2005 తరువాత ఇచ్చటి నుండి ప్రాణభీతితో వలసవచ్చిన గుత్తికోయలు నేటి భద్రాద్రి కొత్తగూడెము, ములుగు జిల్లాల అడవులలో గుడిసెలు వేసికొని యున్నారు. ఆశా కార్యకర్త వారి బిడ్డలకు టీకా వేయించుటకు పోయినప్పుడు తోడుగా నాలుగు బొగ్గుముక్కలును, కాగితములును తీసికొని పోయిన ఖర్చేమియు లేదు.

ఇక గీదము వంటి చోట ఆరంభించు విధమును గూర్చి కొంచెము. ఆరుగురు మొదలు ఎనమండుగురు వరకు ఉన్న చిన్న బృందము చాలును; వారమునకొక దినము, గంటన్నర. వచ్చుటకు ఎవరిని నిర్బంధింపరాదు, రానివారికి ఏ సౌకర్యమును తగ్గింపరాదు. చికిత్సకుని ప్రక్కన గోండీ హల్బీ భాషలు తెలిసిన స్థానికుడు ఒకడు తప్పక ఉండవలెను. అతడు పోలీసుశాఖవాడు కారాదు. బంకమట్టి, తేనెమైనము, బొగ్గు, జేగురు, సున్నము, వెదురుపుల్ల, ఇవి ఈ ప్రాంతమున సంతలోను అడవిలోను దొరకును. జరిగిన ఘోరమునే గీయుమని ఎన్నడును అడుగరాదు. ఇష్టమైన చెట్టు, ఇంటి వాకిలి, పశువు, పండుగ మొదలైన వాటితో సాగుచుండగా తక్కినది దానంతట అదియే వచ్చును, రాకున్నను నష్టము లేదు. బొమ్మ గీయుచు ఎవరైనను వణకి, ఏడ్చి, మాట పడిపోయి కూర్చుండినచో ఆ దినపు పని ఆపి, వానిని ఒంటరిగా విడువక, వైద్యుని పిలువవలెను. చనిపోవలెనను మాట నోట వచ్చినచో తేలికగా తీసికొనరాదు. బయటనున్నవారు 2022లో ఏర్పడిన టెలిమానస్ సేవను 14416 సంఖ్యపై ఏ వేళనైనను ఉచితముగా పిలువవచ్చును. తెలుగులోను మాటలాడువారు కలరు.

పెద్దలు చూడవచ్చినప్పుడు ఖైదీల బొమ్మలను గోడలకు తగిలించి, గీసినవారిని వరుసగా నిలిపి ఫొటోలు తీయించు అలవాటు మనలో బలముగా ఉన్నది. గీసినవాడు సమ్మతించినచో ప్రదర్శింపవచ్చును. అమ్మినచో ధనము వానికే చెందవలెను. సమ్మతింపనిచో పెట్టెలో వేసి తాళము పెట్టవలెను. విడుదలనాడు ఖైదీకి అతని దుస్తులను, సొమ్మును, కాగితములను తిరిగి ఒప్పగించు జాబితా యొకటి ప్రతి కారాగారమున ఉండును. ఆ జాబితాలో అతని చిత్రములకును ఒక పంక్తి చేర్చవలెను.